తోక చెక్కని పడవ

మా ఊళ్ళో నన్ను పెళ్లికూతురు అంటారు. పళ్ళు సగం ఊడాయి, మోకాళ్ళు లేవనని మొండికేస్తున్నాయి, మనవరాలికి కూడా పెళ్లయింది. అయినా నేను రేవులోకి దిగితే చాలు, బట్టలుతికే ఆడవాళ్ళలో ఎవరో ఒకరు "జరగండే, పెళ్లికూతురు స్నానానికొచ్చింది" అంటారు. మొదట్లో ఒళ్ళు మండేది. కోపం తెచ్చుకుంటే ఇంకో పేరు పెడతారని ఊరుకున్నాను. ఆ పేరు ఎలా వచ్చిందో చెప్పాలంటే నా భార్య బొయాలి సంగతి చెప్పాలి. ఆమె సంగతి చెప్పాలంటే నా పరువు తీసుకోవాలి. ఆ పరువు ఎప్పుడో మరింగా నదిలో కొట్టుకుపోయింది కాబట్టి నాకు కొత్తగా పోయేదేమీ లేదు.

నా పేరు ఎఫొలోకో. ఊరు బొలీమా. మా నాన్న ఇలాంగా చెక్కిన పడవలు నది పొడవునా తిరిగేవి. ముక్కు మీద మూడు చేపపొలుసులు గీసి ఉంటే అది మా ఇంటి పడవ అని ఎవరైనా చెప్పేవారు. ఆయనకు నేనొక్కడినే కొడుకుని. ఆయన పని నాకు రాలేదని ఎవరైనా అంటే నమ్మకండి. పని వచ్చింది, చెయ్యడమే రాలేదు. మాటలు కోటలు దాటుతాయి, కాళ్ళు గడప దాటవు అన్నది నన్ను చూసే అని ఉంటారు.

బొయాలిది లొసోంబో. మా రేవు నుంచి పొద్దున్నే బయల్దేరితే నీటివాలున సాయంత్రానికి చేరతాం. ఎదురెక్కి రావాలంటే మాత్రం నడుం విరుగుతుంది. నేను పొగచేపల బేరానికి అక్కడికి వెళ్ళి, బేరం మానేసి రేవులో కబుర్లు చెబుతున్నాను. ఆమె ఒడ్డునున్న గుంటలోంచి నానిన కర్రపెండలం దుంపలు తీస్తోంది. నానిన దుంప కంపు పక్క ఊరిదాకా కొడుతుంది. ఆ కంపులో మోకాలి లోతున నిలబడి నవ్వినా అందంగా కనబడిన మనిషి ఆమె ఒక్కతే. ఏం చూసి నవ్విందో అప్పుడు తెలియలేదు. తర్వాత అడిగితే, నేను కూర్చున్న చేపల బుట్టను వెనకనుంచి మేక ఖాళీ చేస్తోందని చెప్పింది.

వాళ్ళ నాన్న బొంపొంగో కోరిన మేకలు, గుడ్డలు, ఉప్పు, కత్తి, అన్నీ మా నాన్నే సర్దాడు. ఆఖరిది మాత్రం నా నెత్తిన పడింది. లొసోంబోలో పెళ్లికొడుకు తన చేత్తో చెక్కిన పడవలో, వెనక తోక మీద నిలబడి తెడ్డు వేసుకుంటూ రావాలి. ఆ పడవను మామగారికి అప్పగిస్తేనే పిల్ల పూర్తిగా అతనిదవుతుంది. రాబోయే పొంగు తీసేలోగా రాకపోతే, బసంకూసులో పామాయిలు వ్యాపారం చేసే ఒకాయన అడుగుతున్నాడు, పిల్లను అతనికి ఇచ్చేస్తానని బొంపొంగో ముందే చెప్పాడు. పడవలు చెక్కే ఇంటి కుర్రాడికి ఇదొక లెక్కా అని అందరూ నవ్వారు. అందరికంటే గట్టిగా నేను నవ్వాను.

మేం నీరు తీసిన కాలంలో ముంపు అడవిలోకి వెళ్ళి చెట్టు కొట్టి, కొట్టినచోటే పడవ చెక్కుతాం. అంత మానును రేవుదాకా ఎవడు ఈడుస్తాడు? వానలు ముదిరాక నది పొంగి అడవిలోకి వస్తుంది, పడవను అదే లేపి మన చేతికిస్తుంది. అందుకు మనం చెయ్యాల్సినవి రెండే. నీళ్ళొచ్చేలోగా పని ముగించాలి. దుంగ తొలిచిన రోజునే దాన్ని తీగతో పక్కచెట్టుకు కట్టెయ్యాలి. ఈ రెండూ మా ఊళ్ళో పాలు తాగే పిల్లలకు కూడా తెలుసు.

నేను దుంగ తొలిచాను. లోపల మంట పెట్టి, చెక్క మెత్తబడ్డాక అడ్డకర్రలు తన్ని వెడల్పు చేశాను. ముక్కు చెక్కి మూడు పొలుసులూ గీశాను. నిజం చెప్పొద్దూ, బాగా వచ్చింది. ఎంత బాగా వచ్చిందో చూసుకుని మురిసిపోయి అక్కడితో ఆపేశాను. మిగిలింది తోక. తెడ్డు వేసే మనిషి నిలబడేచోటు పీటలా చదునుగా ఉండాలి, అక్కడింకా పెద్ద మొద్దు అలాగే ఉంది. ఇదెంతసేపు పని అనుకున్నాను. ఇంతలో మేం వేపుకుతినే గొంగళిపురుగుల కాలం వచ్చింది. చెట్ల మీంచి అవి కొవ్వెక్కి రాలుతుంటే బాడిస పట్టుకుని కూర్చునే వెధవ ఎవడు? అవి అయిపోయేసరికి పై ఊళ్ళో ఎవరిదో పెద్దకర్మ, కల్లు బాగుందన్నారు. తీగ కట్టావా అని మా నాన్న రోజూ అడిగేవాడు. ఇప్పుడు కడితే చీమలు కొరికేస్తాయని, నీళ్ళొచ్చే ముందు కడతానని చెప్పాను. ఆ జవాబు నాకే చాలా తెలివైనదిగా తోచింది.

ఆ ఏడు నది నన్ను అడక్కుండా ముందే వచ్చింది. నేను పెద్దకర్మ నుంచి ఊగుతూ తిరిగొచ్చి చూస్తే, చెట్టు మొదలు నీళ్ళలో ఉంది, నేను చెక్కిన పేళ్ళు దాని చుట్టూ తిరుగుతున్నాయి. పడవ లేదు. అది మా రేవు ముందునుంచే పోయిందట. వెనక మొద్దు బరువుకు తోక ఈడ్చుకుంటూ, ముక్కు పైకెత్తుకుని పొగరుగా పోతుంటే, ఊరంతా నిలబడి చూసిందట.

ఎవరూ పట్టుకోలేదేం అని అడగకండి. మనిషి లేకుండా వచ్చే పడవను మా నది మీద ఎవరూ ముట్టుకోరు. మునిగిపోయినవాడు తన పడవను వెతుక్కుంటూ దాని వెనకే వస్తుంటాడు, ముట్టుకున్నవాళ్ళ ఇంటికి చేరతాడు. అది ఏ రేవుకు చేరినా వెదురుతో నెట్టేస్తారు. మా నాన్న పొలుసులు గుర్తుపట్టాడు గానీ, తన పడవ విప్పేలోగా అది వంపు దాటిపోయింది. మా అమ్మ నేను మునిగిపోయాననుకుని ఏడుపు మొదలుపెడితే, "ఏడవకే, వాడు మునిగితే కల్లుకుండలోనే. పెళ్లికొడుకు కదల్లేదు గానీ పడవ మాత్రం పెళ్లికి బయల్దేరింది" అన్నాడట.

వెళ్ళి వెతకరా అని ఇంట్లో అందరూ మొత్తుకున్నారు. నేను గుడిసెలోంచి బయటికి రాలేదు. అన్ని రేవులవాళ్ళూ నెట్టేసిన పడవ ఈపాటికి పెద్దనదిలో పడి ఉంటుంది. కొత్తది చెక్కేలోగా పొంగు తీసేస్తుంది. బొయాలి బసంకూసు వ్యాపారి ఇంట్లో తెల్లరొట్టె తింటూ ఉంటుంది. ఇదంతా తలుచుకుంటే నాకు నిజంగానే గుండె పగిలింది. గుండె పగిలినా ఆకలి మాత్రం వేస్తూనే ఉంది, అందుకని అరటికాయలు కాల్చుకుని తింటున్నాను.

అలా తింటుండగానే రేవులో గోల మొదలైంది. వెళ్ళి చూస్తే నా పడవ. తోక మీద, ఆ మొద్దు మీద నిలబడి, బొయాలి తెడ్డు వేసుకుంటూ ఎదురెక్కి వస్తోంది. ముక్కులో ఆమె తమ్ముడు లోక్వా, చేతులు కట్టుకుని, పెళ్లిపెద్దలా కూర్చున్నాడు.

సంగతి లోక్వా చెప్పాడు. ఖాళీ పడవను చూసి లొసోంబో రేవులో అందరూ వెదుర్లు అందుకున్నారు. బొయాలి ముక్కు మీది పొలుసులు చూసింది. మెడలోతు నీళ్ళలోకి దిగి పడవను పట్టేసుకుంది. తల్లి గుండెలు బాదుకుని, దాని వెనక శవం వస్తుందే, వదిలెయ్యవే అని అరిస్తే, "వస్తే రానీ అమ్మా. వచ్చేవాడు నావాడేగా" అన్నదట. నేను చచ్చానో బతికానో చూడ్డానికి వాగులూ ముంపు అడవీ పట్టుకుని అంత దూరం ఎదురెక్కి వచ్చింది.

నేను బతికే ఉన్నానని చూసి ఏడ్చింది. ఎందుకు బతికి ఉన్నానో తెలిశాక తిట్టింది. తిట్టడం అయ్యాక నా చేతిలో ఉన్న కాల్చిన అరటికాయ లాక్కుని తిని, మూతి తుడుచుకుని, ముక్కువైపు చూపించింది.

"ఎక్కు" అంది.

ఎక్కాను. ఇంకేం చెయ్యను? ఆ పడవలో ఇంకో చిక్కు ఉంది. వెనక మొద్దు, దాని మీద మనిషి, ముందు బరువు లేకపోతే ముక్కు గాల్లోకి లేస్తుంది. అందుకని ఎవరో ఒకరు ముందు దిమ్మలా కూర్చోవాలి. ఆ పనికి నేను పుట్టానని ఆ రోజే అందరికీ తెలిసింది. లొసోంబోకు పెళ్లికూతురు తెడ్డు వేస్తుంటే పెళ్లికొడుకు ముందు తలవంచుకుని కూర్చుని వచ్చాడు. ఒడ్డున ఆడవాళ్ళు పెళ్లికూతురి పాటే పాడారు, నా మీద. లోక్వా నా తల మీద ఆకు కప్పి మేలిముసుగు అన్నాడు. పేరు అప్పుడు పడింది.

మామ బొంపొంగో పడవ చుట్టూ తిరిగి చూశాడు. ముక్కు బాగుందన్నాడు. తోక మీద చెయ్యి పెట్టి తల అడ్డంగా ఊపాడు.

"ఇది పడవ కాదు అల్లుడూ, సగం పడవ. సగం పడవకి సగం పిల్లనే ఇస్తా. తీసుకుపో. తోక చెక్కి తెచ్చి ఇచ్చిననాడు మిగతా సగం నీదవుతుంది. అప్పటిదాకా బతికినన్నాళ్ళు నీ దగ్గరుంటుంది, చస్తే మా ఒడ్డుకొస్తుంది."

పెళ్లిలో చావు మాట ఎవరు పట్టించుకుంటారు? అందరూ నవ్వారు, నేనూ నవ్వాను. నీరు తియ్యగానే చెక్కేస్తానని ఒట్టు కూడా వేశాను.

చెబితే నమ్మరు గానీ, ఆ మొదటి ఏడే బాడిస పట్టుకుని రేవులోకి దిగాను. బొయాలి వెనకే వచ్చి దాన్ని నా చేతిలోంచి లాగేసుకుంది. తోక చెక్కితే పడవ మా నాన్నది, చెక్కకపోతే మనది, నువ్వు ఇంకో పడవ చెక్కేదెప్పుడు, మనం ఏరు దాటేదెప్పుడు అంది. బాడిసను తీసుకెళ్ళి ఇంటికప్పులో దోపేసింది. ఒక పనిని చెయ్యొద్దని భార్యే చెప్పిన మొగుడు లోకంలో నేనొక్కడినే. ఆ అదృష్టానికి పొంగిపోయాను.

ఆ సగం పడవ మీదే మా సంసారం అంతా నడిచింది. దుంపలు నానబెట్టడానికి గుంట చాలకపోతే పడవలోనే నీళ్ళు పోసి నానబెట్టేది. వాటిని దంచి, ఆకుల్లో చుట్టి రొట్టెలుగా ఉడికించి, జనంతో పోయే పెద్ద బార్జీ వచ్చిందంటే అమ్మడానికి దాని మీదికి పడవ తోలేది. అది ఆగదు. పోతున్న బార్జీ పక్కకి చేరి కొక్కెం తగిలించుకోవాలి, తప్పితే అల కిందికి పోతాం. తగిలించాల్సినవాణ్ణి ముందు కూర్చున్న నేనే. ఒకసారి బార్జీ మీద తెలిసినవాడు కనబడితే వాడి తల్లి ఆరోగ్యం అడుగుతూ కొక్కెం సంగతి మరిచిపోయాను. మా రొట్టెలన్నీ చేపలు తిన్నాయి. బొయాలి తడిసిన తలతో నన్ను చూసి, "వాళ్ళమ్మ బాగుందా?" అని అడిగింది.

నీటిమొక్కలు కోసుకొచ్చి కాల్చి ఉప్పు తీసేది. ఎండల్లో ఆడవాళ్ళతో వెళ్ళి పిల్లకాలవలకు మట్టికట్ట వేసి, నీళ్ళు తోడి చేపలు పట్టేది. ఆ చేపల తలలన్నీ ఆ మొద్దు మీదే నరికేది. మా రెండో కూతురు ఆ పడవలోనే పుట్టింది, ఆస్పత్రికి పోతూ సగం దారిలో. ఆ రోజు కూడా తోక మీద ఆమే నిలబడింది. నొప్పులు వచ్చినప్పుడు కూర్చుని, తగ్గినప్పుడు లేచి తెడ్డు వేసింది. నేను ముందు కూర్చుని ధైర్యం చెప్పాను. నోరు మూసుకుంటే ఇంకా ధైర్యంగా ఉంటుందని చెప్పింది.

మామ పోయాక ఆ సగం పిల్ల మీద హక్కు లోక్వాకు వచ్చింది. ఏటా నీరు తీసిన కాలంలో తనిఖీకని దిగేవాడు. పడవ తోక మీద అరచేత్తో కొట్టి, "ఏం బావా, ఇంకా కాలేదా?" అనేవాడు. తర్వాత మా ఇంట్లో ఉన్నవాటిలో మంచి పొగచేప తినేవాడు, నా కల్లు తాగేవాడు, అక్కతో పొద్దుపోయేదాకా నవ్వేవాడు. "చెక్కకు బావా, చెక్కితే నాకు ఇక్కడేం పని?" అని ఒకసారి వెళ్తూ వెళ్తూ అన్నాడు. బొయాలి బాడిస దాచింది ఒక్క పడవ కోసమే కాదని అప్పుడు నాకు బోధపడింది. నా బుర్రలోకి ఏ సంగతైనా ఏరు ఎదురెక్కే వస్తుంది.

పోయిన పొంగులో బొయాలికి జ్వరం వచ్చింది. ఎప్పుడూ వచ్చే జ్వరమే అనుకున్నాం. పడవలో పడుకోబెట్టి ఆస్పత్రికి తీసుకుపోదామని నేను పరుపు సర్దుతున్నాను, కూతురు వచ్చి ఇక అక్కర్లేదు నాన్నా అంది. నేను పరుపు సర్దుతూనే ఉన్నాను. ఏం చెయ్యాలో నాకు తెలియలేదు.

ఊరి నుంచి ఊరికి మోగే దుంగ డప్పు మాట నది కంటే ముందు పోతుంది. లోక్వా, అతని చిన్నాన్న, ఇంకొందరు పగలూ రాత్రీ తెడ్లు వేసి మర్నాడు పొద్దెక్కేసరికి వచ్చారు. లోక్వా పడవ దిగి నా ముందు నిలబడ్డాడు. తోక మీద చెయ్యి వెయ్యలేదు. వాడు నవ్వకుండా మాట్లాడ్డం నేనెప్పుడూ వినలేదు.

"బావా, అక్కని తీసుకెళ్ళాలి. నాన్న పక్కన చోటు తవ్వించారు."

"ఇక్కడే ఉంచండ్రా" అన్నాను.

చిన్నాన్న కటువైనవాడు. పడవ పూర్తి కాలేదు, మాట మాటే అన్నాడు. పొద్దు వాలేలోగా బయల్దేరాలన్నాడు. తప్పు ఆయనది కాదు. నవ్వుతూ ఒప్పుకున్న మాటైనా ఒప్పుకున్నదే. నాకు ఒక్కటే తోచింది. ఆమె ఒడ్డు మారిపోతే, నేను రేవులోకి దిగినప్పుడల్లా ఎటు చూడాలి?

ఇంటికప్పులోంచి బాడిస తీశాను. తుప్పు పట్టి ఉంది. లోక్వా నా చేతిలోంచి తీసుకుని రాతి మీద సాన పట్టాడు. చిన్నాన్న ఏదో అనబోతే, సాన పట్టడం చెక్కడం కాదు చిన్నాన్నా అన్నాడు. పదును పెట్టి ఇచ్చి, నీళ్ళలోకి దిగి, పడవ కదలకుండా రెండు చేతులా పట్టుకున్నాడు.

నేను మొద్దు ముందు కూర్చున్నాను. దాని మీద కత్తిగాట్లు, ఎండి అతుక్కున్న పొలుసులు. ఆమె పాదాలు ఆనేచోట రెండు గుంటలు పడి ఉన్నాయి. ఎడమది కొంచెం లోతు, బరువు ఆ కాలి మీదే వేసేది. అన్నేళ్ళు ఆమెకు వీపు పెట్టి కూర్చున్నాను గదా, నేను వాటిని ఎప్పుడూ చూడలేదు. తోక చదును కావాలంటే ముందు పోవాల్సింది అవే. బాడిస ఎత్తాను, దించాను. మళ్ళీ ఎత్తాను. వెనక చిన్నాన్న పొద్దువైపు చూస్తున్నాడు.

మొదటి దెబ్బ కొట్టాక ఇక ఆగలేదు. ఎవరితోనూ ఒక్క మాట మాట్లాడలేదు. ఊరంతా ఒడ్డున నిలబడింది, నేను మాట్లాడకుండా ఉండడం చూడ్డానికే సగంమంది వచ్చి ఉంటారు. ఏడుస్తూ చెక్కాను. చేతులు బొబ్బలెక్కి పగిలాయి. నా బతుకులో వేళకు పూర్తి చేసిన పని అదొక్కటే. అది చెయ్యొద్దని చెప్పిన మనిషి ఇంట్లో పడుకుని ఉంది.

లోక్వా తోక మీద అరచెయ్యి పెట్టి అటూ ఇటూ రాశాడు. ఒక పక్క గరుకుగానే ఉంది, మా నాన్న చూస్తే నెత్తిన మొట్టేవాడు. లోక్వా ఆ గరుకు మీద చెయ్యి ఆపి, చిన్నాన్నకు వినబడేలా, పూర్తయింది అన్నాడు. చిన్నాన్న వంగి చూడబోతే, నాన్న హక్కు నాకొచ్చింది, నేను చూశాను, పూర్తయింది అని ఇంకోసారి అన్నాడు. బావ బతుకు కోరేది బావమరిది అని ఊరికే అనలేదు పెద్దలు.

బొయాలిని మా ఒడ్డునే, దుంపల గుంటలకు ఎగువన, రేవు కనబడేచోట పెట్టాం.

మర్నాడు వాళ్ళు బయల్దేరారు. పడవ ఇప్పుడు వాళ్ళది. చిన్నాన్నా తక్కినవాళ్ళూ తాము వచ్చిన పడవలో ముందు పోయారు. లోక్వా ఒక్కడే కొత్త తోక మీద నిలబడ్డాడు. తెడ్డు వెయ్యలేదు. నావైపు చూశాడు.

"ఎక్కు బావా. పడవ లేనివాడివి ఇక్కడొక్కడివీ ఏం చేస్తావ్? మా ఇంట్లో ఉందువు. ముందు బరువు కూడా కావాలిగా."

మాట అయ్యాక ఇద్దరం పడవ ముక్కువైపు చూశాం. అది గాల్లోకి లేవలేదు. నీటి మీద చదునుగా ఆనుకుని ఉంది.

"అక్కర్లేదురా" అన్నాను. "మీ అక్క దగ్గర ఎవరో ఒకరు కూర్చోవాలిగా."

లోక్వా తెడ్డు ముంచాడు. నేను వంపు దాకా చూస్తూ నిలబడ్డాను. ముక్కులో ఎవరూ లేకపోయినా పడవ తిన్నగానే పోయింది.